చెప్పినవారి పేరుతో సహా

తెలుగు చదువుకున్నవారికి క్యాంబెల్ అనగానే ఏ.డి. క్యాంబెల్ దొర గుర్తుకు వస్తాడు. 1816లో ఇంగ్లీషులో తెలుగు వ్యాకరణాన్నీ, 1821లో తెలుగు నిఘంటువునూ ప్రకటించిన కంపెనీ ఉద్యోగి ఆయన. నేను ఈనాడు పరిచయం చేయదలచిన క్యాంబెల్ వేరు. ఆ నిఘంటువు వెలువడిన 1821లోనే, డిసెంబరు 29న, స్కాట్లండులోని ఎడింబరో నగరంలో ఈయన జన్మించాడు. పూర్తి పేరు జాన్ ఫ్రాన్సిస్ క్యాంబెల్. తెలుగుతో ఈయనకు సంబంధం లేదు. అయినా, అక్షరం రానివారి నోట పలికిన మాటను అక్షరం వచ్చినవాడు ఎలా స్వీకరించాలి అనే ప్రశ్న వచ్చినప్పుడల్లా, తెలుగు పండితుడిగా బ్రతుకు గడిపిన నాకు ఈయన జీవితం జ్ఞాపకం వస్తుంది. అందుకే ఈ నాలుగు మాటలు.

స్కాట్లండు పడమటి తీరాన ఐలా అనే ద్వీపం ఉంది. దానిలో చాలాభాగం క్యాంబెల్ వంశీకుల జమీ. తండ్రి వాల్టర్ ఫ్రెడరిక్ క్యాంబెల్ ఆ ద్వీపానికి ప్రభువు. ఆయన కొత్తగా కట్టించిన రేవు పట్టణానికి భార్య ఎలినార్ పేరు మీదుగా పోర్ట్ ఎలెన్ అని పేరు పెట్టాడు. ఆ ఊరు నేటికీ ఆ పేరుతోనే ఉంది. జాన్ ఫ్రాన్సిస్ ఈ దంపతుల జ్యేష్ఠపుత్రుడు, ద్వీపానికి కాబోయే ప్రభువు. జనం ఆయనను గేలిక్ భాషలో 'ఇయాన్ ఓగ్ ఈలె' అని పిలుచుకొనేవారు. 'ఐలా చిన్న జాన్' అని అర్థం. మన పల్లెల్లో 'చిన్నదొర' అన్నట్టు.

ఆ ప్రాంతపు సామాన్యుల భాష గేలిక్. దొరల భాష ఇంగ్లీషు. సాధారణంగా జమీందారు బిడ్డలకు ఊరి భాష అబ్బేది కాదు. ఈ బాలునికి మాత్రం అది అబ్బింది. దాదుల చేతుల నుంచి తప్పుకోగానే అతనిని ఒక వాద్యగాని సంరక్షణలో ఉంచారు. తిత్తితో చేసిన బాగ్‌పైపు ఊదే ఆ మనిషి పేరు కూడా జాన్ క్యాంబెలే. ఆ వాద్యగాని వెంట తిరిగి బాలుడు ఈత నేర్చాడు, కొండలెక్కడం నేర్చాడు, గేలిక్ నేర్చాడు. ఒక అంధుడైన ఫిడేలు వాద్యగాడు చెప్పే కథలు విన్నాడు. తరువాత ఈటన్ పాఠశాల, ఎడింబరో విశ్వవిద్యాలయం, న్యాయశాస్త్రం అన్నీ వచ్చాయి. కానీ మొదటి బడి మాత్రం ఆ వాద్యగానిదే.

యౌవనంలో పెద్ద దెబ్బ తగిలింది. తండ్రి అప్పులలో కూరుకుపోయాడు. 1846 నుంచి హైలాండ్స్ ప్రాంతంలో బంగాళాదుంప పంట తెగులుతో నాశనమై కరవు వచ్చింది. జమీ దివాలా తీసింది. 1853లో ఐలా పరుల పాలయింది. ద్వీపానికి వారసుడు కావలసినవాడు లండనులో ఉద్యోగం చేసుకొని బ్రతకవలసి వచ్చింది. బంధువైన ఆర్గైల్ ప్రభువు వద్ద ఆంతరంగిక కార్యదర్శిగానూ, దీపస్తంభాల మీద విచారణకు 1859లో ఏర్పడిన రాజసంఘానికి కార్యదర్శిగానూ పనిచేశాడు. తరువాత విక్టోరియా రాణి కొలువులోనూ కొంతకాలం ఉన్నాడు. వివాహం చేసుకోలేదు.

ఉద్యోగం ఏదైనా ఆయన చేతిలో ఎప్పుడూ ఒక చిత్రాల పుస్తకం ఉండేది. నార్వే, లాప్‌లండ్, ఐస్‌లండ్, అమెరికా, జపాన్ ఎక్కడికి వెళ్ళినా కొండలనూ రేవులనూ నీటిరంగులలో చిత్రించేవాడు. ఆ కాలపు విలాసయాత్రికులు వేసే అందమైన దృశ్యాల వంటివి కావు ఇవి. ఈ కొండ ఏ వైపు వాలింది, ఈ రాతి మీద గీతలు ఏ దిక్కుకు పోతున్నాయి, ఈ బండ ఇక్కడిదా, ఎక్కడినుంచో కొట్టుకొనివచ్చినదా అని చూసి వేసిన చిత్రాలవి. వాటి ఫలమే 1865లో రెండు సంపుటాలుగా వచ్చిన 'ఫ్రాస్ట్ అండ్ ఫైర్' అనే గ్రంథం. మంచూ అగ్నీ భూమిని ఎలా చెక్కాయో చెప్పే పుస్తకం. రచయితగా తన పేరు కూడా వేసుకోలేదు. 'ఒక యాత్రికుడు' అని మాత్రం వేసుకున్నాడు. అందులోని సిద్ధాంతాలన్నీ శాస్త్రజ్ఞుల ముందు నిలవలేదు. కానీ కొండను ఒక లిపిగా భావించి, చదివేముందు దానిని తప్పు లేకుండా నకలు తీయాలనే పట్టుదల పుటపుటా కనిపిస్తుంది.

ఆయన పేరు లోకంలో మరొక విధంగా కూడా నిలిచింది. నేను ఉద్యోగం చేసిన ఒక ఊరికి దగ్గరలో వ్యవసాయ పరిశోధన క్షేత్రం ఉండేది. పిల్లలను తీసుకొని వెళ్ళినప్పుడు అక్కడి వాతావరణ పరికరాల ఆవరణలో ఒక గాజుగోళం కనిపించింది. చూడడానికి పెద్ద బత్తాయిపండంత ఉంటుంది. దాని వెనుక వంపుగా అమర్చిన అట్టముక్క. గోళం ఎండను ఒక బిందువుగా కూర్చి ఆ అట్టను కాలుస్తుంది. సూర్యుడు కదులుతున్న కొద్దీ కాలిన గీత సాగుతుంది. మేఘం అడ్డు వస్తే గీత తెగుతుంది. సాయంకాలం ఆ గీత పొడవును కొలిస్తే ఆనాడు ఎన్ని గంటలు ఎండ కాసిందో తెలుస్తుంది. చక్రం లేదు, కీలు లేదు. సూర్యుడే తన దినచర్య వ్రాసుకొంటాడు. పిల్లలకు అది ఎంతో నచ్చింది. దానిని క్యాంబెల్-స్టోక్స్ పరికరం అంటారని అక్కడి ఉద్యోగి చెప్పాడు. ఆ క్యాంబెల్ ఈయనేనని చాలా ఏళ్ళ తరువాత గాని నాకు తెలియలేదు. 1853లో, అంటే ఐలా చేజారిన ఏడాదిలోనే, ఈయన లండనులో ఒక కొయ్య గిన్నె మధ్య నీరు నింపిన గాజుగోళాన్ని ఉంచి, ఎండ ఆ కొయ్యను కాల్చేటట్లు చేశాడు. దానికి 1879లో స్టోక్స్ అనే శాస్త్రవేత్త లోహపు చట్రమూ అట్టముక్కా చేర్చి సంస్కరించాడు. మన దేశపు వాతావరణ పరిశీలనాలయాలలో కూడా దశాబ్దాల పాటు ఇది పనిచేసింది.

ఇక కథల మాట. 1859లో డేసెంట్ అనే పండితుడు నార్వే జానపద కథలను ఇంగ్లీషులో ప్రకటించాడు. తన బాల్యంలో విన్న గేలిక్ కథలు కూడా ఇటువంటివే కదా అని క్యాంబెల్‌కు తోచింది. గ్రిమ్ సోదరుల మార్గం అప్పటికే విద్వాంసులకు తెలుసు. కానీ స్కాట్లండులో ఇంకా కథలు మిగిలి ఉన్నాయని నమ్మేవారు తక్కువ. ఈయన నమ్మాడు. తాను స్వయంగా పడమటి ద్వీపాలకు వెళ్ళాడు, తనకు సహాయంగా కొందరిని కూర్చుకొన్నాడు. వారెవరో చూడండి. హెక్టర్ ఉర్కహార్ట్ ఒక దొర అడవిలో వేటజంతువులకు కావలి ఉండే ఉద్యోగి. జాన్ డ్యూయర్ కూలి మనిషి, అడవిలో కట్టె కొట్టేవాడు. హెక్టర్ మెక్లీన్ ఐలాలో బడిపంతులు. అలెగ్జాండర్ కార్మైకేల్ సుంకశాఖ ఉద్యోగి. విశ్వవిద్యాలయాచార్యులు ఈ జాబితాలో లేరు.

వీరు వ్రాసి పంపిన కథలు, తాను విన్న కథలు కలిపి 'పాపులర్ టేల్స్ ఆఫ్ ది వెస్ట్ హైలాండ్స్' అనే పేరుతో 1860లో రెండు సంపుటాలు, 1862లో మరి రెండు సంపుటాలు ప్రచురించాడు. వాటి డిజిటల్ ప్రతులు నేడు అందరికీ ఉచితంగా లభిస్తున్నాయి. మొదటి కథ తెరవగానే నన్ను ఆపినది కథ కాదు, ఆ కథకు సంబంధించిన వివరం. చెప్పినది జేమ్స్ విల్సన్, అంధుడైన ఫిడేలు వాద్యగాడు, ఐలా. రెండవ కథ చెప్పినది జాన్ మెకెంజీ, ఇన్వెరారీ దగ్గర చేపలు పట్టుకొనే మనిషి. వ్రాసుకొన్నది ఉర్కహార్ట్, 1859 ఏప్రిల్. మరొక కథ చెప్పినది జాన్ మెక్‌డొనాల్డ్, ఊరూరా తిరిగి గిన్నెలకు మాట్లు వేసుకొనేవాడు. ఇలా కథ వెంట కథకుని పేరు, వృత్తి, ఊరు. గేలిక్ మూలం కూడా ఇంగ్లీషుతో పాటు అచ్చయింది. ఒకే కథను వేరువేరు మనుషులు వేరువేరుగా చెబితే, అన్నింటినీ కలిపి ఒక సుందరమైన కథ చేయలేదు. ఆయన చెప్పింది ఇలా, ఈమె చెప్పింది ఇలా అని విడివిడిగా చూపాడు. అనువాదంలో గేలిక్ వాక్యపు నడక కనిపించాలని తన ఇంగ్లీషును వంకర చేసుకోవడానికి కూడా వెనుదీయలేదు.

సౌత్ ఊయిస్ట్ అనే ద్వీపంలో మెక్‌ఫీ అనే వృద్ధుని గుడిసెకు నడిచి వెళ్ళిన ఘట్టాన్ని పీఠికలో వర్ణించాడు. నేల మీద మట్టిగడ్డల నిప్పు, పొగ, చుట్టూ వినేవారు. ముసలాయన భయంకరమైన ఘట్టం వచ్చినప్పుడు తన ఎండిన వేలిని ఈయన మోకాలి మీద ఆనించి మరీ చెప్పేవాడట. పక్కన ఒక చిన్నపిల్లవాడు కళ్ళు పెద్దవి చేసుకొని నిలబడి వింటున్నాడట. చిత్రకారుని కన్ను లేనివాడు ఆ వేలిని చూడడు, ఆ పిల్లవాని కళ్ళను చూడడు. కొండ మీద గీత ఎటు పోయిందో చూసిన కన్నే ఇది.

ఈ పీఠికలో నన్ను కలవరపెట్టిన భాగం మరొకటి ఉంది. ఉర్కహార్ట్ తన బాల్యాన్ని గురించి వ్రాసిన ఉత్తరం. ఆయనది పూల్యూ అనే పల్లె. చలికాలపు రాత్రులలో అందరూ ఒక ఇంట చేరి కథలు వినేవారు. జోళ్ళు కుట్టే ముసలాయన కథలంటే పిల్లలకు ప్రాణం. బట్టలు కుట్టేవాడో జోళ్ళు కుట్టేవాడో పనికోసం ఊళ్ళోకి వస్తే, మా ఇంట్లో దిగాలంటే మా ఇంట్లో దిగాలని తగవులాడుకొనేవారు. 1830లో ఆ ఊరికి మతబోధకుడు వచ్చాడు. వెనుకనే బడిపంతులు వచ్చాడు. అవి పనికిమాలిన పుక్కిటి పురాణాలన్నారు. సభలు మాన్పించారు. పిల్లలకు వేరే బరువైన పనులు అప్పగించారు. కొద్ది కాలంలోనే ఊరు ఆ కథలను దాదాపుగా మరచిపోయింది.

ఈ భాగం చదివి పుస్తకం మూసి కొంతసేపు కూర్చున్నాను. బడి వచ్చింది, కథ పోయింది. చదువు చెప్పడమే వృత్తిగా బ్రతికినవానికి ఈ మాట మింగుడు పడదు. బడి వద్దని ఎవరంటారు? అక్షరం లేక ఆ ప్రజలు ఎన్ని విధాల మోసపోయారో చరిత్రలో ఉంది. కానీ ఆ బడి వారి భాషను గడప బయటే నిలబెట్టింది. 1872లో స్కాట్లండుకు వచ్చిన విద్యాచట్టంలో గేలిక్‌కు చోటే లేదు. పిల్లవాడు ఇంటి నుంచి తెచ్చిన మాటను వాకిట్లో వదిలి లోపలికి రావాలి.

అయితే ఇదే పుస్తకంలో ఇంకొక బడిపంతులు కూడా ఉన్నాడు కదా, హెక్టర్ మెక్లీన్. అంధుడైన విల్సన్ ఎదుట కూర్చొని ఆయన నోట వచ్చిన మాటను వచ్చినట్టు వ్రాసుకొన్నది ఆ పంతులే. 1870లో పెయిస్లీ పట్టణంలో ఈయనా క్యాంబెలూ కలిసి లాక్లన్ మెక్‌నీల్ అనే మనిషి ఎదుట కూర్చున్నారు. మెక్‌నీల్ ఐలా నుంచి వలస వచ్చిన వృద్ధుడు, జోళ్ళు కుట్టేవాడు. ఆయన చెప్పిన కథ గేలిక్‌లో వ్రాతకెక్కిన అతి దీర్ఘమైన కథలలో ఒకటి. ఆ ముగ్గురూ కలిసి దిగిన ఛాయాచిత్రం నేటికీ ఉంది. ఒక ఊళ్ళో పంతులు జోళ్ళు కుట్టే తాత నోరు మూయించాడు. ఇంకొక ఊళ్ళో పంతులు జోళ్ళు కుట్టే తాత ఎదుట కలం పట్టి కూర్చున్నాడు. ఉపాధ్యాయులకు రెండు దారులూ ఉన్నాయన్నమాట.

క్యాంబెల్ ఇంత నియమం పాటించడానికి ఒక కారణం ఉంది. ఆయనకు వంద సంవత్సరాల ముందు, 1760లలో, జేమ్స్ మెక్ఫర్సన్ అనే కవి ప్రాచీన గేలిక్ కవి ఆసియన్ కావ్యాలను అనువదించానని కొన్ని గ్రంథాలు వెలువరించాడు. ఐరోపా అంతా వాటిని నెత్తిన పెట్టుకొంది. తరువాత మూలం చూపమని విద్వాంసులు అడిగితే సరైన మూలం చూపలేకపోయాడు. జనం నోట ఉన్న పాటల ముక్కలను తీసుకొని, తన కాలపు అభిరుచికి తగినట్టు చెక్కి, కల్పించి, పెంచి వ్రాశాడని తేలింది. దానితో అసలైన గేలిక్ పాటలను కూడా లోకం అనుమానించింది. ఒకడు సొగసు కోసం చేసిన పనికి ఒక జాతి మొత్తం అబద్ధాలకోరు అనిపించుకోవలసి వచ్చింది. అందుకే క్యాంబెల్ సాక్ష్యం లేనిదే మాట వ్రాయలేదు. వీరగాథల మూలపాఠాలన్నీ వెదికి 1872లో 'లెవర్ న ఫేన్యా' అనే గేలిక్ గ్రంథం ప్రచురించాడు. అది అమ్ముడుపోలేదు. తలపెట్టిన రెండవ భాగం రాలేదు.

మన దగ్గర కూడా ఆ శతాబ్దంలో ఇటువంటి పని కొంత జరిగింది. బ్రౌను దొర వేమన పద్యాలతోపాటు వీరగాథల ప్రతులు కూడా వ్రాయించి దాచాడు. జె.ఏ. బాయిల్ అనే అధికారి 1874లో 'ఇండియన్ ఆంటిక్వరీ' పత్రికలో తెలుగు వీరగాథల మీద వ్యాసం వ్రాశాడు. కానీ పండితలోకం చూపు అప్పుడు వేరుగా ఉంది. 1850ల దశకంలోనే చిన్నయసూరి గారి బాలవ్యాకరణం వచ్చింది. నేను భాషాప్రవీణ చదివిన రోజుల్లో ఆ సూత్రాలు కంఠస్థం చేశాను. ఈనాటికీ వాటి బిగువును చూసి ఆనందిస్తాను. అలంకారశాస్త్రంలో గ్రామ్యం ఒక దోషమని కూడా చదివాను. కావ్యరచనకు ఆ నియమం సరైనదే కావచ్చు. కానీ కావ్యానికి చేసిన శాసనాన్ని కథ చెప్పే నోటి మీద కూడా అమలు చేయడం న్యాయమా? దోషమని తుడిచివేసిన చోటే ఆ మనిషి ఊరూ, కులవృత్తీ, వయస్సూ ఉంటాయి. గాజుగోళం వద్ద కూర్చొని, మేఘం వచ్చి తెగిన గీతను అందంగా ఉండడానికి సిరాతో కలిపామనుకోండి, ఆ అట్ట ఇక దేనికీ పనికిరాదు.

మా ఉత్తరాంధ్రలో ఈ సంగతి గ్రహించిన బడిపంతులు ఒకరు ఉండనే ఉన్నారు. గిడుగు వేంకట రామమూర్తి గారు 1880లో పర్లాకిమిడిలో ఉపాధ్యాయులుగా చేరారు. కొండల నుంచి దిగివచ్చే సవరల మాట విని, దానిని నేర్చి, వారి పాటలూ కథలూ వ్రాసుకొని, సొంత ఖర్చుతో వారికి బడులు పెట్టించారు. 1931లో సవర భాషా వ్యాకరణమూ, 1938లో సవర-ఇంగ్లీషు నిఘంటువూ ప్రకటితమయ్యాయి. వ్యావహారిక భాషోద్యమం వల్ల ఆయనను అందరూ ఎరుగుదురు. ఆ ఉద్యమానికి వెనుక ఉన్న చెవిని మాత్రం అంతగా తలచుకోము.

క్యాంబెల్‌ను నేను దేవుణ్ణి చేయడం లేదు. ఆయన ప్రభువంశంలో పుట్టినవాడు. కథలు చెప్పినవారిలో తన తండ్రి జమీలో కౌలు చేసుకొన్న కుటుంబాల వారూ ఉన్నారు. కరవుకూ అప్పులకూ ఊళ్ళు ఖాళీ అయి ఓడలెక్కి పోయిన జనం వెంటే ఎన్నో కథలు పోయాయి. ఆయన పేరు నిలిచింది, వారి బ్రతుకులు అలాగే ఉండిపోయాయి. ఇది నిజమే. కానీ పోయిన భూమిని గురించి విలపిస్తూ కూర్చోక, ఆ భూమి మీద బ్రతికినవారి మాటను దాచిపెట్టాడు. భూమి వారసత్వంగా రాలేదు, భాష వచ్చింది. దానిని తన సొత్తుగా వ్రాసుకోక చెప్పినవారి పేరుతో తిరిగి ఇచ్చాడు. 1885 ఫిబ్రవరి 17న ఫ్రాన్సులోని కాన్ పట్టణంలో మరణించాడు. అచ్చుకాని ఆయన వ్రాతప్రతులు ఎడింబరోలోని జాతీయ గ్రంథాలయంలో ఉన్నాయి. వాటి నుంచి 1940లోనూ 1960లోనూ మరి రెండు సంపుటాల కథలు వెలువడ్డాయి.

నా చిన్నతనంలో మా ఊరికి ఒక ముసలాయన జముకు పట్టుకొని వచ్చేవాడు. ఎల్లమ్మ కథ చెప్పేవాడు. పక్కన వంతపాడే ఇద్దరు. జముకు చప్పుడు వినబడితే ఎడ్లబండ్లు కూడా ఆగేవి. ఈ మధ్య ఊరికి వెళ్ళినప్పుడు నా ఈడు వారిని ఆయన పేరేమిటని అడిగాను. 'జముకుల తాత' అన్నారు. అసలు పేరేమిటన్నాను. ఎవరికీ తెలియదు. ఏ ఊరివాడో కూడా తెలియదు. రాత్రి తెల్లవార్లూ మా ఊరిని మేలుకొలిపి ఉంచిన మనిషి. మిగిలింది ఒక వాద్యం పేరు.

చదువరులకు నాదొక మనవి. ఇప్పుడు అందరి చేతుల్లోనూ ఫోను ఉంది. దానిలో మాట నిలుస్తుంది. ఇంట్లో అమ్మమ్మో, పొలంలో నాటు వేసే పెద్దమ్మో, సంతలో చెప్పులు కుట్టే తాతో ఒక కథ చెబితే దానిని వారి మాటలోనే పట్టి ఉంచండి. తప్పులు దిద్దకండి. యాసను మార్చకండి. మరచిపోయి ఆగితే ఆగినట్టే ఉండనివ్వండి. కథ కంచికి వెళ్ళేలోగా ఒక కాగితం మీద నాలుగు విషయాలు వ్రాసుకోండి: చెప్పినవారి పేరు, చేసే పని, ఊరు, తేదీ.